ఉప్పు, ఎండ, పొగ: మన తీరమున చేపల నిల్వ చరిత్ర

ప్రవాసాంధ్రుల సంఘములు వెలువరించు ప్రత్యేక సంచికలయందు కవులను గూర్చియు, జమీందారుల దాతృత్వమును గూర్చియు, దేవాలయములను గూర్చియు వ్యాసములు వచ్చుట మనకు అలవాటు. అవి రావలసినవే. కాని తెలుగువాడు స్వస్థలమును వీడి పరప్రాంతమున కాలు మోపినపుడు వెంట కొనిపోయినవి కావ్యములు మాత్రమే కావు. పూరీ సముద్రతీరమునకును, గోపాలపురమునకును, ఋషికుల్యా ముఖద్వారమునకును మన జాలరులు వెళ్ళినపుడు తెప్పను, వలను, వానితోపాటు చేపకు ఉప్పువేసి నిలువచేయు నేర్పును తీసికొనిపోయిరి. ఆ నేర్పునకు ఒక చరిత్ర కలదు. ఆ చరిత్రలో రాజ్యములు, పన్నులు, చట్టములు, చెఱసాలలు అన్నియు ఉన్నవి. ఉద్యోగకాలమున సరకుల పద్దులు వ్రాసి విరమించిన గుమాస్తాను నేను. ఎండుచేపల గంపల తూకము, చేరవలసిన ఊరు, పంపువారి పేరు వ్రాయుట నా నిత్యకృత్యములలో ఒకటి. ఆ గంపల వెనుక నున్న కథను తెలిసికొనవలెనన్న కోరిక అప్పుడు పుట్టినదే. తెలిసినంతవరకు పాఠకమహాశయులకు విన్నవించుచున్నాను.

నిల్వ యనునది ఏమి?

చేప నీటినుండి వెలువడిన క్షణముననే చెడుటకు ఆరంభించును. అందులకు కారణము అందలి తేమ. తేమ ఉన్నచోట సూక్ష్మజీవులు పెరుగును. కావున నిల్వచేయుట యనగా తేమను తీసివేయుట, లేదా ఆ తేమను సూక్ష్మజీవులకు పనికిరాకుండ చేయుట. ఇందులకు మానవుడు కనుగొన్న ఉపాయములు మూడు: ఉప్పు, ఎండ, పొగ. ఉప్పు చేప కండలోని నీటిని బయటికి లాగి, తాను లోనికి ప్రవేశించును. ఎండయు గాలియు మిగిలిన తడిని ఆర్పును. పొగ, ఆర్పుటతో పాటు, కట్టెనుండి పుట్టు కొన్ని ద్రవ్యములను చేపపై పూతవలె పట్టించును. ఆ పూత సూక్ష్మజీవులను అడ్డుకొనును, కొవ్వు కనరెక్కుటను ఆలస్యము చేయును.

ఈ మాట మన గృహిణులకు క్రొత్తది కాదు. మాగాయ పెట్టు విధానమును తలచుకొనుడు. మామిడి ముక్కలకు ఉప్పు పట్టించి మూడు దినములు ఊరనిచ్చి, పిండి, ముక్కలను ఎండబెట్టి, ఆ ఊటను సైతము ఎండలో నుంచి, తిరిగి రెంటిని కలుపుదురు. చేపకు ఉప్పువేయు పల్లెపడుచు చేయునది సరిగా ఇదియే. ఆమెయు ఊర వేయును, ఆమెయు ఊటను వృథా చేయదు, ఆమెయు ఎండను నమ్ముకొనును. ఒక పనిని పాండిత్యముగను, ఇంకొక దానిని దుర్గంధముగను ఎంచుట మన అలవాటే కాని, శాస్త్రము రెంటికిని ఒక్కటియే.

చలిదేశములవారి పద్ధతిని ఇచ్చట కొంచెము చెప్పవలసియున్నది. స్కాట్లండు, నార్వే మొదలగు దేశములయందు సాల్మన్ అను చేప ముఖ్యమైనది. అది సముద్రమున పెరిగి, గ్రుడ్లు పెట్టుటకు నదులలోనికి ఎదురీదిపోవును. కొవ్వు మెండు. అచ్చటి గృహస్థులు దానిని నిలువునా చీల్చి, ఎముకలు తీసి, ఉప్పునీటిలో నానవేయుదురు. కొందరు ఆ నీటిలో కొంచెము చక్కెరను కూడ కలుపుదురు. నీరు తనలో ఇముడ్చుకొనగల ఉప్పునకు ఒక హద్దు కలదు. నూరుపాళ్ళ ద్రావకములో సుమారు 26 పాళ్ళకు మించి ఉప్పు కరుగదు. అంతటి ఘాటైన ఉప్పునీటిలో కొద్ది గంటలును, పలుచనిదైనచో ఒక రాత్రియు ఉంచి, తీసి కడిగి, గాలికి ఆరవేయుదురు. పైన సన్నని జిగురుపొర కట్టిన తరువాతనే పొగకు ఎక్కింతురు. తడి చేపపై పొగ సరిగా పట్టదు. చల్లపొగ పెట్టునపుడు వేడిమి 30 సెంటిగ్రేడు డిగ్రీలకు మించనీయరు. మించినచో కండ ఉడికిపోవును. వేడిపొగ పెట్టినచో చేప ఉడికియే బయటికి వచ్చును. అట్టిది రుచికరమే గాని ఎక్కువ దినములు నిలువదు.

మన తీరమున గాలియే 30 డిగ్రీలు దాటియుండును. కావున చల్లపొగ మనకు ప్రకృతి ఈయని సౌకర్యము. ప్రకృతి మనకు ఇచ్చినది ఎండ. మాఘమునుండి వైశాఖము వరకు కురియు ఎండకు డబ్బు చెల్లింపనక్కరలేదు, కట్టెలు కొననక్కరలేదు. ఎండ లేని వానకాలమున పొయ్యిపై అటకను, దండెమును ఆశ్రయించి పొగకు చేపను ఆర్పుకొనుట తూర్పుకనుమల గూడెములలోను, తీరపల్లెలలోను గల వాడుకయే. కాని అది ఇంటి అవసరమునకే. వర్తకమునకు మాత్రము మనవారు ఉప్పును, ఎండను నమ్ముకొనిరి.

మన సాల్మనులు

మన సముద్రములో నిజమైన సాల్మను లేదు. అయినను ఆంగ్లేయులు తమ దేశపు చేపపై బెంగచేతనో ఏమో, మనవారు మాగ యని పిలుచు చేపకు ‘ఇండియన్ సాల్మన్’ అని పేరిడిరి. గొంతుక్రింద దారములవంటి మీసములు గల ఆ చేపను బొంబాయి తీరమున రావస్ అనియు, ఒరియాలో సహల అనియు, అరవములో కాలా అనియు అందురు. సాల్మనుతో దానికి చుట్టరికము లేదు, పేరు మాత్రమే ఉమ్మడి.

నడవడిని బట్టి చూచినచో సాల్మనుకు మన దేశమున సాటి వచ్చునది ఇలస. సముద్రమున ఇలసగా తిరిగి, గోదావరికి ఎఱ్ఱనీరు వచ్చినపుడు ఎదురీది వచ్చి పులసగా పేరుపొందు ఈ చేపను యానాం వాసులకు పరిచయము చేయనక్కరలేదు. అదియు గ్రుడ్లకొఱకే నదికి వచ్చును, అదియు కొవ్వు మెండుగ గలదే. కొవ్వు గల చేపను ఎండబెట్టినచో కనరు వాసన కొట్టును. కావుననే దానిని ఉప్పునీటిలో గాని, చింతపండుతో గాని, పొగతో గాని నిలువచేయవలెను. కలకత్తాలోని ఆంగ్లేయుల భోజనశాలలలో ముండ్లు తీసి పొగబెట్టిన ఇలస పేరుమోసిన వంటకము. చెన్నపురి దొరలు ‘టామరిండ్ ఫిష్’ అని మెచ్చుకొనినది చింతపండును ఉప్పును పట్టించి జాడీలలో నిలువచేసిన చేపయే. పడమటి కనరా తీరమునను, మలబారునను కానాగంతలను ఉప్పునీటితోను చింతవంటి పుల్లని కాయతోను పీపాలలో నిలువచేసి సింహళమునకు పంపుచుండిరి. అందువలన ఆ పద్ధతికి కొలంబో పద్ధతి యని పేరు వచ్చెను. తూత్తుకుడి వైపున ఉప్పుపట్టించిన చేపలను తాటాకుచాపలలో చుట్టి ఇసుకలో పాతిపెట్టి, రెండుమూడు దినముల పిమ్మట త్రవ్వి తీయుదురు.

కళింగాంధ్ర తీరమున పద్ధతి వేఱు. నెత్తళ్ళు, కవళ్ళు వంటి చిన్న చేపలను ఇసుకమీదనో చాపలమీదనో పలుచగా పఱచి, ఉప్పు లేకయే ఒకటి రెండు దినములలో ఎండబెట్టుదురు. సావిడాయలను దండెములకు వ్రేలాడగట్టుదురు. కోనెము, సొర, మాగ వంటి పెద్దచేపలకు మాత్రము ఉప్పు తప్పదు. వెన్నువైపున చీల్చి, ప్రేగులు తీసి, కండపై గాట్లు పెట్టి, ఆ గాట్లలోనికి ఉప్పును దట్టింతురు. తొట్టిలో ఒక వరుస చేప, ఒక వరుస ఉప్పు చొప్పున పేర్చి పైన బరువు పెట్టుదురు. మూడు నాలుగు పాళ్ళ చేపకు ఒక పాలు ఉప్పు పట్టును. ఒకటి రెండు రాత్రులు గడచునప్పటికి చేప తన ఊటలో తానే మునిగియుండును. అప్పుడు ఆ ఊటలోనే కడిగి ఎండకు వేయుదురు. ఎంతసేపు ఉంచవలెను, ఎప్పుడు త్రిప్పవలెను, ఏ మబ్బునకు ఎత్తవలెను అనునవి ఏ పుస్తకమునను లేవు. వ్రేలితో నొక్కి చూచి చెప్పు ఆడువారికే అవి తెలియును.

ఉప్పుపై రాజముద్ర

ఇంతవరకు చెప్పినది చేప కథ. ఇకమీద చెప్పవలసినది ఉప్పు కథ. ఏలయన ఈ తీరమున చేప యెట్లు నిలువ యుండవలెనో నిర్ణయించినది చేప కాదు, ఉప్పు వెల.

ఉప్పుపై రాజులు కన్నువేయుట పాతకథయే. కౌటిల్యుని అర్థశాస్త్రమున లవణాధ్యక్షుడను ఉద్యోగి కలడు. అయినను శ్రోత్రియులు, తపస్సు చేయువారు, వెట్టిపని చేయువారు తమ తిండికి వలసిన ఉప్పును సుంకము లేకయే కొనిపోవచ్చునని అందు వ్రాయబడియున్నది. రాజుగారి కోష్ఠాగారమునందు నిలువయుంచదగిన వస్తువులలో ఎండుచేపయు చేర్పబడినది. ఎండుచేప పేదవాని తిండి మాత్రమే యను వారు ఈ సంగతిని గమనింపవలెను.

ఈస్టిండియా కంపెనీవారు 1805లో మద్రాసు రాజధానియందు ఉప్పు వ్యాపారమును తమ గుత్తాధిపత్యము క్రిందికి తెచ్చిరి. హుమ్మ, నౌపడ, పెనుగుదురు, చినగంజాం మొదలగు చోట్ల గల ఉప్పుమళ్ళలో పండిన ఉప్పు సర్కారు కొఠారులకు చేరి, సర్కారు చెప్పిన వెలకు అమ్ముడుపోవలసి వచ్చెను. ఫ్రెంచివారి స్థలములు సైతము తప్పించుకొనలేదు. 1815లో లండను నగరమున జరిగిన ఒడంబడికచే అచ్చట పండిన ఉప్పులో స్థానికుల అవసరములకు పోగా మిగిలినది ఆంగ్లేయులకే అమ్మవలసి వచ్చినది. తరువాత 1818లో నగదు పరిహారము పుచ్చుకొని ఉప్పు తయారీనే మానివేయుటకు ఫ్రెంచి ప్రభుత్వము అంగీకరించెను.

పన్ను అంకెలను వరుసగా చూడుడు. 1882లో దేశమంతటను మణుగు 1కి 2 రూపాయలుగా నున్న పన్ను 1888లో 2 రూపాయల 8 అణాలయ్యెను. 1903లో 2 రూపాయలకును, 1905లో 1 రూపాయి 8 అణాలకును, 1907లో 1 రూపాయికిని తగ్గెను. 1916లో 1 రూపాయి 4 అణాలు. 1923లో ఒక్కసారిగా రెట్టింపై 2 రూపాయల 8 అణాలు. మరుసటి యేట మరల 1 రూపాయి 4 అణాలు. ఈ మణుగు 82 పౌనుల పైచిలుకు, అనగా సుమారు 37 కిలోలు.

ఇప్పుడు లెక్క వేయుదము. నాలుగు మణుగుల పెద్దచేపకు ఒక మణుగు ఉప్పు పట్టునన్నాము. 1888 నాటి పన్ను చొప్పున ఆ ఉప్పుమీద పన్నే 40 అణాలు. ఉప్పు వెల వేఱు, మోత వేఱు. దినకూలి అణాలలో లెక్కించు ఆ దినములలో ఒక జాలరి కుటుంబము దీనిని భరించుట ఎట్లు? వల నిండిన దినముననే కష్టము ఎక్కువ. పట్టిన చేపను ఆ పూటనే అమ్ముకొనవలెను, లేదా సగము ఉప్పుతో సరిపెట్టవలెను, లేదా పారవేయవలెను. తీరమున సముద్రము తానే ఆరి ఉప్పు తేలిన నేలలుండెను. అచ్చటి ఉప్పుమన్నును గీకి తెచ్చి చేపకు పట్టించుట పలుచోట్ల అలవాటయ్యెను. అట్టి చేప మన్నుతో గరగరలాడుచు, చేదెక్కి, త్వరలో కుళ్ళుచుండెను. 1889 నాటి మద్రాసు ఉప్పు చట్టమున అట్లు మన్ను గీకుటయు నేరమే. తన ఇంటి ముంగిట సముద్రము పెట్టిన ఉప్పును తాకినందులకు మనిషి దోషియగుట ఈ తీరము చూచిన వింతలలో పెద్దది.

యార్డుల కాలము

ఈ అన్యాయమును ప్రభుత్వము దృష్టికి గట్టిగా తెచ్చినవాడు ఫ్రాన్సిస్ డే అను మద్రాసు సైన్యవైద్యుడు. మలబారు చేపలను గూర్చి 1865లో గ్రంథము ప్రకటించి, తరువాత దేశమంతటి మత్స్యసంపదను పరిశీలించి 1873లో నివేదిక సమర్పించెను. ఉప్పు ప్రియమగుటచే చేప పాడగుచున్నదనియు, పేదలకు ఆహారము పోవుచున్నదనియు ఆయన వాదము. దాని ఫలితముగా పన్ను లేని ఉప్పును కేవలము చేపల నిల్వకొఱకు ఇచ్చు యార్డులు ఏర్పడినవి. 1870 తరువాతి దశాబ్దమున మొదలై, ఆ పై దశాబ్దమున విస్తరించి, తుదకు మద్రాసు రాజధాని రెండు తీరములయందును నూటికి పైగా యార్డులు వెలసినవి.

యార్డు అనగా కంచె వేసిన ఆవరణము. ఉప్పుశాఖ ఉద్యోగి అందు అధికారి. టికెట్టు గలవారికే ప్రవేశము. తెచ్చిన చేపను తూచి, ఆ తూకమునకు తగిన ఉప్పును ఇంచుమించు అసలు వెలకే ఇత్తురు. ఆ చేపకు ఆ ఉప్పును ఆ కంచెలోపలనే పట్టింపవలెను. చిటికెడు ఉప్పైనను బయటికి పోరాదు. మేలు జరుగలేదని అనను. ఎగుమతికి తగిన ఉప్పుచేప పెద్దమొత్తములలో తయారైనది యార్డులవలననే. కాని మత్స్యకారుడు అచ్చట పనివాడుగా కాక అనుమానితుడుగా చూడబడెను. యార్డు దూరమైనచో చేప దారిలోనే మెత్తబడును. పైగా డబ్బుపెట్టి టికెట్టు పొందిన వర్తకుడు తీరముననే పచ్చిచేపను కారుచౌకగా కొనుచుండుటచే, లాభము అతనికి దక్కి, శ్రమ మాత్రము తెప్పవానికి మిగులుచుండెను.

ఈ లోపములను చక్కదిద్దబూనినవాడు సర్ ఫ్రెడరిక్ నికల్సన్. సహకార పరపతి సంఘములను గూర్చి 1895-97 ప్రాంతమున గొప్ప నివేదికను వ్రాసిన సివిలు ఉద్యోగి ఈయనే. 1905లో మద్రాసు ప్రభుత్వము ఆయనను మత్స్యపరిశ్రమ పరిశీలనకు నియమించెను. 1907లో మత్స్యశాఖ ఏర్పడెను. జపాను మత్స్యపరిశ్రమను చూచివచ్చి ఆయన నివేదిక వ్రాసెను. మద్రాసునకు ఉత్తరముననున్న ఎన్నూరునందును, పిమ్మట పడమటి తీరమునను ప్రయోగములు చేయించెను. యార్డు కాపలాస్థలముగా గాక పాఠశాలగా ఉండవలెననియు, శుభ్రమైన తొట్లు, శుభ్రమైన ఉప్పు, శుభ్రమైన నీరు ఉన్నచో చేప వెల దానంతట అదియే పెరుగుననియు ఆయన మతము. ఉప్పులో సున్నపు, మగ్నీషియపు మలినములున్నచో చేప చేదెక్కి, చెమ్మగిల్లును. ఎండలో పండిన ముతక ఉప్పులో ఉప్పునకు వెరవని ఒక జాతి సూక్ష్మజీవులుండి, నిలువ చేపను ఎఱ్ఱబరచును. నేటి శాస్త్రము స్థిరపరచిన ఈ విషయములను చూచినపుడు, ఉప్పు శుభ్రతను గూర్చి నికల్సన్ పడిన తపన సరియైనదేనని తోచును.

అయితే ఈ నివేదికలలో ఎచ్చటను పేరుపెట్టి పిలువబడని వారు ఒకరున్నారు. వారు స్త్రీలు. మగవాడు చేపను తెచ్చి ఇసుకపై పడవేయుటతో అతని పని ముగియును. చీల్చుట, ఉప్పుపట్టించుట, కడుగుట, ఎండవేయుట, కాకులకును కుక్కలకును కాపుండుట, గంపకెత్తి సంతకు పోవుట, బేరము, అప్పు, వసూలు, ఇవన్నియు ఆడువారి పనులు. పద్దులలో టికెట్టుదారుని పేరుండును. చేయి మాత్రము ఆమెది.

ఉప్పు సత్యాగ్రహమును, తరువాతి కాలమును

1930 మార్చి 12న సబర్మతినుండి బయలుదేరిన గాంధిమహాత్ముడు ఏప్రిలు 6న దండియందు ఉప్పును చేతబట్టెను. తెలుగు తీరమున మచిలీపట్టణము, నౌపడ మొదలగు చోట్లను, గంజాంలో హుమ్మయందును సత్యాగ్రహము సాగెను. ఆ పోరాటమును మనము స్వరాజ్యపోరాటముగా చదువుకొంటిమి. తీరవాసికి అది అంతకంటె దగ్గఱి విషయము. 1931 మార్చి 5న జరిగిన గాంధి-ఇర్విను ఒడంబడికయందు, ఉప్పు దొరకు తావులకు సమీప గ్రామములవారు తమ వాడుకకును, ఆ గ్రామములలోపల అమ్ముకొనుటకును ఉప్పును తెచ్చుకొనవచ్చునని అంగీకరింపబడెను. పన్ను పూర్తిగా తొలగినది 1947లో.

ఈ నడుమ మఱియొక మార్పు వచ్చెను. 1936 ఏప్రిలు 1న ఒరిస్సా రాష్ట్రమేర్పడినపుడు గంజాం జిల్లాలో అధికభాగము అందు చేరెను. హుమ్మ ఉప్పుమళ్ళు అటు, నౌపడ ఉప్పుమళ్ళు ఇటు నయ్యెను. బరంపురము తెలుగువారు ఒక్కరాత్రిలో అల్పసంఖ్యాకులైరి. జాలరికి మాత్రము సముద్రముపై గీత కనబడలేదు. చేప వెంట అతడు ఎప్పటివలెనే శ్రీకాకుళము, విశాఖ తీరములనుండి గోపాలపురమునకును, పూరీకిని పోవుచునే యుండెను. అటు పోయి అచ్చటనే స్థిరపడినవారిని ఒరియావారు నోళియాలని పిలిచిరి. పూరీలోని పెంటకట వారి పెద్ద పల్లె. జగన్నాథుని దర్శనమునకు పోయి సముద్రస్నానము చేసిన మనవారిలో ఎందరు, తమ చేయి పట్టుకొని అలలు దాటించిన నోళియా ఇంట తెలుగు మాటలాడునని ఎఱుగుదురు?

ఉప్పు చౌకయైన కొలది కాలమునకే మంచు వచ్చెను. మంచుగడ్డ కర్మాగారములు, మరపడవలు, చలిగదులు వచ్చినకొలది మంచి చేప, పెద్ద రొయ్య పచ్చిగానే దూరదేశములకు పోజొచ్చినవి. ఉప్పునకు మిగిలినది చిన్నచేప, అమ్ముడుపోని చేప. వల నిండినను ఉప్పు కొనలేని కాలము ఒకటి గడచెను. ఉప్పు చేతనుండియు మంచి చేప దొరకని కాలము దాని తరువాత వచ్చెను. అయినను ఎండుచేప పోలేదు. వేట నిషిద్ధమైన నెలలలో జాలరి ఇంట డబ్బు తిరుగునది దానివలననే. పంట లేని కొండప్రాంతములకు మాంసకృత్తులు చేర్చునది అదియే. హుమ్మలోని ఎండుచేపల సంత గంజాం అంతటను ప్రసిద్ధము. ఏ హుమ్మలో ఉప్పుకొఱకు జనులు చట్టమును ధిక్కరించిరో, అచ్చటనే ఉప్పుచేపకు ఇంతటి సంత వెలసినదన్న సంగతి గుర్తుంచుకొనదగినది.

ఆ సంతలో ఒరియావారు శుఖుఆ యని అడిగినదే తెలుగు ఆడుది ఎండుచేప యని అమ్మును. అరవదేశమున నున్న మన సోదరులకు అది కరువాడు, కన్నడసీమవారికి ఒణమీను, మహారాష్ట్రమువారికి సుకట్. ఏ భాషవారికైనను ఆ వాసన ఒక్కటియే. ముక్కు మూసికొనువారు అన్ని భాషలలోను ఉన్నారు. పప్పుచారుతో ఉప్పుచేప ముక్కను నంజుకొని తృప్తిగా లేచువారును అన్ని చోట్లను ఉన్నారు.

మన కర్తవ్యము

ఇదంతయు ఏల వ్రాసితినన, ఒక విన్నపము కొఱకు. ఒరియా తీరమున తెలుగు మాటలాడువారిని లెక్కించినచో పట్టణములలోని ఉద్యోగులకును, వర్తకులకును, పండితకుటుంబములకును తీసిపోని సంఖ్యలో ఈ తెప్పలవారు ఉన్నారు. కాని మన సంఘముల సభ్యత్వపు పట్టికలలో వారి పేర్లు అరుదు. ఉగాది సభలలో వారికి పీట లేదు. వారి పిల్లలు బడిలో ఒరియా చదివి, ఇంట తెలుగు మాటలాడి, తెలుగు వ్రాత ఎఱుగక పెరుగుచున్నారు. 1999 అక్టోబరులోను, 2013 అక్టోబరులో ఫైలిన్ నాడును, 2019 మే 3న ఫణి నాడును తుపానులు ఈ తీరమును కొట్టినపుడు ముందుగా దెబ్బతినునవి వారి యిండ్లే. ఇంటితోపాటు నీటిపాలగునది ఉప్పువేసి దాచిన చేప, అనగా వారి బొక్కసము.

సహాయనిధులను గూర్చి చెప్పుటకు నేను తగను. గుమాస్తా బుద్ధికి తోచినది ఒక చిన్నపని. ఈ వృత్తికి సంబంధించిన తెలుగు మాటలు వారి ముసలమ్మల నోళ్ళలోనే మిగిలియున్నవి. చేపల పేర్లు, ఒకే చేపకు వయసును బట్టి మాఱు పేర్లు, గాలుల పేర్లు, ఎండ తరగతులు, ఉప్పు కొలతలు, ఊర వేయుటలోని దశలు. ఇవి నిఘంటువులలో సంపూర్ణముగా లేవు. ఆ ముసలమ్మలతోపాటే అవియు పోవును. ప్రతి శాఖవారును తమ తీరమునందలి ఒక పల్లెను ఎన్నుకొని, ఇద్దఱు యువకులను పంపి, ఒక నోటుపుస్తకములో ఆ మాటలను, చెప్పిన వారి ఊరిని, పనిచేయు విధమును వరుసగా వ్రాయించినచో ఖర్చు స్వల్పము, ఫలము ఘనము. గంజాం, పూరీ, యానాం, చెన్నపట్టణపు తీరము, ఈ నాలుగు చోట్ల వ్రాసిన పుస్తకములను ప్రక్కప్రక్కన పెట్టి చూచినపుడు మన భాష తీరము వెంట ఎట్లు ప్రయాణించెనో తెలియగలదు.

అట్లు వ్రాయబోవువారికి ఒక సూచన. వెళ్ళునపుడు చలువబట్టలు కట్టి, చేతిరుమాలు ముక్కునకు అడ్డుపెట్టుకొని వెళ్ళవలదు. ఇసుకపై ఆమె ప్రక్కనే కూర్చుండి, చేపను చేతితో పట్టి చూపుమని అడుగుడు. ఉప్పు ఎంత యని అడిగినచో ఆమె పాళ్ళలో చెప్పదు. పిడికిలి విప్పి చూపును. ఆ పిడికిలి కొలతను తూచి పుస్తకములో ఎక్కింపవలెను. రాబోవు సంచికయందు అట్టి పట్టిక ఒకటి అచ్చుపడినచో, ఈ వ్యాసము వ్రాసిన శ్రమకు ప్రతిఫలము దక్కినట్లు తలంచెదను.